బడిలో ఫోన్ ఎవరి చేతిలో ఉంది? హిందీ టీచర్-స్టూడెంట్ వైరల్ వీడియోల వెనక సంగతి

హిందీ వచ్చినా రాకపోయినా, రీల్స్ చూసే అలవాటుంటే చాలు ఈ వీడియోలు ఎప్పుడో ఒకప్పుడు తగిలే ఉంటాయి. యూపీలోనో బీహార్లోనో ఒక సర్కారు బడి, నేలమీద పట్టా పరుచుకుని కూర్చున్న పిల్లలు, మైకు పట్టుకుని లోపలికొచ్చిన ఒకాయన మేడం గారిని ఆపి ఫలానా ఇంగ్లీష్ మాటకి స్పెల్లింగ్ చెప్పండి అంటాడు, ఆవిడ తడబడుతుంది, వీడియో అయిపోతుంది. ఇంకోదాంట్లో సార్‌కి ట్రాన్స్‌ఫర్ అయింది, పిల్లలు చుట్టుముట్టి వదలట్లేదు. ఇంకోదాంట్లో పట్నా కోచింగ్ సెంటర్లో సార్ భోజ్‌పురి యాసలో జోకులేస్తూ భూగోళం చెప్తుంటే వేలమంది కుర్రాళ్ళు పగలబడి నవ్వుతున్నారు. ఇంకోదాంట్లో ఒక పిల్లాడు నిలబడి ఏడుస్తున్నాడు, మిగతా పిల్లలు ఒక్కొక్కరే వచ్చి కొట్టి వెళ్తున్నారు.

ఫోన్‌లో ఇవన్నీ ఒకదాని కింద ఒకటి ఒకే లైన్లో వస్తాయి కాబట్టి అన్నీ ఒకే రకం అనిపిస్తుంది, మనం కూడా అన్నిటికీ ఒకేలా లైకో తిట్టో కొట్టి ముందుకి జరుపుతాం. కానీ ఏ వీడియోకైనా రెండు ప్రశ్నలు వేసి చూడండి, ఫోన్ ఎవరి చేతిలో ఉంది, మొహం ఎవరిది కనిపిస్తోంది. కింద ఉన్నవాడు పైవాడి తప్పుని తీశాడా, పైవాడు కింద ఉన్నవాళ్ళని తన పేజీ కోసం తీశాడా అన్నది తేలిపోతుంది. ఆ తేడా పట్టించుకోకపోవడం వల్లే హిందీ రాష్ట్రాల్లో నిజం చూపించినవాళ్ళ మీద కేసులు పడ్డాయి, ఏ తప్పూ చేయని పిల్లల మొహాలు మాత్రం దేశమంతా తిరిగాయి.

అసలు బడిలోకి ఫోన్ ఎలా వచ్చిందో ముందు చూడాలి. 2016 సెప్టెంబర్లో జియో వచ్చాక డేటా చవకైపోయింది, పల్లెటూళ్ళలో కూడా వీడియో తీయడం, పంపడం మంచినీళ్ళ ప్రాయం అయింది. 2020లో కరోనాకి బడులు మూసేస్తే పాఠాలన్నీ వాట్సాప్ గ్రూపుల్లోకి మారాయి, అప్పటిదాకా ఫోన్ అంటే దూరంగా ఉన్న టీచర్లు కూడా తప్పనిసరై వీడియోలు తీయడం నేర్చుకున్నారు. అదే ఏడాది జూన్ 29న టిక్‌టాక్ బ్యాన్ అయింది, వారం పది రోజుల్లో ఇన్‌స్టా రీల్స్ ఇండియాలోకి దిగింది, సెప్టెంబర్లో యూట్యూబ్ షార్ట్స్‌ని ముందుగా ఇక్కడే మొదలుపెట్టారు. ఇవన్నీ అందరికీ తెలిసిన సంగతులే, కానీ ఎవరూ పెద్దగా మాట్లాడని విషయం ఇంకోటుంది. బడిలో ఫొటో తీయడాన్ని రోజువారీ డ్యూటీలో కలిపింది ప్రభుత్వాలే. మధ్యాహ్న భోజనం ఫొటో, అటెండెన్స్ ఫొటో, యోగా డే ఫొటో, మొక్కలు నాటిన ఫొటో, అన్నీ గ్రూపులో పడాల్సిందే. యూపీలో 2024 జులైలో డిజిటల్ అటెండెన్స్ పెడితే టీచర్లు నల్ల బ్యాడ్జీలు పెట్టుకుని వ్యతిరేకించారు, చివరికి దాన్ని ఆపాల్సొచ్చింది. ఆంధ్రాలో అయితే బాత్రూంల ఫొటోలు కూడా యాప్‌లో ఎక్కించమన్నారు, 2022లో ఫేషియల్ అటెండెన్స్ మీద ఎంత గొడవ జరిగిందో మనకి గుర్తుండే ఉంటుంది. పనికి సాక్ష్యం ఫొటోయే అని పైవాళ్ళే పదేపదే నేర్పించాక క్లాస్‌రూంలో కెమెరా వింతగా అనిపించడం మానేసింది, పిల్లలకి కూడా.

ఇప్పుడు మొదటి రకం వీడియో, మైకు పట్టుకుని పరీక్ష పెట్టేది. దీనికి 2016 బీహార్ ఇంటర్ టాపర్ వ్యవహారం పెద్ద గుర్తు. వైశాలి జిల్లా కాలేజీ నుంచి ఆర్ట్స్‌లో స్టేట్ ఫస్ట్ వచ్చిన అమ్మాయిని టీవీ వాళ్ళు ఇంటర్వ్యూ చేస్తే పొలిటికల్ సైన్స్‌ని ప్రొడిగల్ సైన్స్ అంది, అందులో వంట గురించి చెప్తారు అంది. ఆ క్లిప్ వల్లే మొత్తం స్కామ్ బయటపడింది, బోర్డు ఛైర్మన్ దగ్గర్నుంచి కాలేజీ నడిపే మనిషి దాకా అరెస్టయ్యారు, కాబట్టి ఆ వీడియోకి అసలు ప్రయోజనమే లేదంటే అబద్ధం. కానీ పదేళ్ళు కావొస్తున్నా జనానికి గుర్తున్నది ఎవరు? ఛైర్మన్ పేరు చెప్పమంటే నూటికి తొంభైమంది నోరెళ్ళబెడతారు, ఆ అమ్మాయి మొహం మాత్రం ఇప్పటికీ మీమ్స్‌లో తిరుగుతూనే ఉంది. మార్కులు అమ్ముకున్నది పెద్దవాళ్ళు, జైలుకి వెళ్ళినవాళ్ళలో ఆ పదిహేడేళ్ళ పిల్ల కూడా ఉంది. టీనేజ్ కూడా దాటని అమ్మాయిని జీవితాంతం నవ్వులాటకి సరుకు చేసేసి, దాన్ని అవినీతి మీద పోరాటం అనుకోవడం న్యాయం కాదు.

తర్వాత ఇదే ఫార్ములా టీచర్లకి తిరిగింది. 2019 నవంబర్లో ఉన్నావ్ జిల్లాలో కలెక్టర్ ఇన్‌స్పెక్షన్‌కి వెళ్ళి ఇంగ్లీష్ పుస్తకంలో రెండు లైన్లు చదవమంటే టీచర్ చదవలేకపోయారు, ఆ వీడియో వార్తా ఏజెన్సీల ద్వారా దేశమంతా వెళ్ళింది, సస్పెండ్ చేయమని కలెక్టర్ అక్కడికక్కడే చెప్పారు. చదవలేని టీచర్ పిల్లలకి ఏం చెప్తారు అన్నది నిజంగానే అడగాల్సిన ప్రశ్న, అందులో తప్పు పట్టడానికేం లేదు. కాకపోతే ఆ ఒక్కరినీ సస్పెండ్ చేయడంతో కథ అయిపోయినట్టు అందరూ లేచి వెళ్ళిపోవడమే బాధ. యూపీలో శిక్షామిత్ర అనే కాంట్రాక్టు టీచర్లు లక్షకి పైనే ఉన్నారు, వాళ్ళ రెగ్యులరైజేషన్‌ని 2017 జులైలో సుప్రీంకోర్టు కొట్టేశాక నెలకి 10,000 రూపాయల గౌరవ వేతనంతో ఏళ్ళ తరబడి నెట్టుకొచ్చారు. కేంద్ర విద్యాశాఖ ఏటా తీసే బడుల లెక్కలు, అంటే 2024-25 యూడైస్ లెక్కల ప్రకారం దేశంలో ఒకే ఒక్క టీచర్ ఉన్న బడులు లక్షకి పైన, వాటిలో దాదాపు 34 లక్షల మంది పిల్లలు. అలాంటి బడుల సంఖ్యలో మొదటి స్థానం యూపీది కాదు, బీహార్‌ది అసలే కాదు, మన ఆంధ్రప్రదేశ్‌ది, 12,900 పైచిలుకు. కాబట్టి హిందీ వాళ్ళ బడులు చూడండ్రా అని తెలుగు పేజీల్లో నవ్వుకునేవాళ్ళు ఒకసారి ఆ లెక్క చూడాలి. ఒక్క మనిషి అయిదు క్లాసులు చూస్తూ, అన్నం లెక్క రాస్తూ, యాప్‌లో ఫొటోలు ఎక్కిస్తూ ఉంటే అదంతా ముప్ఫై సెకన్ల వీడియోలో కనిపించదు, తడబడిన ఆ ఒక్క క్షణమే కనిపిస్తుంది.

దీనికి పూర్తిగా ఎదురు మీర్జాపూర్ వీడియో. 2019 ఆగస్టు, మీర్జాపూర్ జిల్లా సియూర్ ఊరి ప్రైమరీ స్కూల్. పిల్లలు వరసగా నేలమీద కూర్చుని ఉంటారు, పళ్ళెంలో రొట్టె, పక్కన కాస్త ఉప్పు, అంతే. పప్పు లేదు, కూర లేదు. మధ్యాహ్న భోజనం మెనూ గోడమీద రంగుల్లో రాసి ఉండే రాష్ట్రంలో పిల్లలు రొట్టెని ఉప్పులో అద్దుకుని తింటున్నారు. దాన్ని తీసింది పవన్ జైస్వాల్ అనే లోకల్ పత్రికా విలేకరి, ఊళ్ళో వాళ్ళు కబురు పెడితే వెళ్ళి తీశాడు. వీడియో బయటికొచ్చాక ముందు స్కూల్ సిబ్బంది మీద సస్పెన్షన్ పడింది, కలెక్టర్ కూడా విషయం నిజమే అన్నట్టు మాట్లాడారు. తర్వాత వారం తిరిగేసరికి సీన్ మొత్తం మారిపోయింది, విలేకరి మీదే ఎఫ్ఐఆర్, ప్రభుత్వం పరువు తీయడానికి కుట్ర, మోసం అని. కబురు చెప్పిన ఊరి మనిషిని కూడా లోపలేశారు. నువ్వు పేపర్ విలేకరివి కదా, ఫొటో తీసుకుంటే సరిపోయేది, వీడియో ఎందుకు తీశావ్ అన్నట్టుగా కలెక్టర్ మాట్లాడిన మాటలు అప్పట్లో అందరినీ ఆశ్చర్యపరిచాయి. కానీ ఆ మాటలోనే అసలు భయం ఏంటో తెలుస్తుంది. ఫొటో అయితే పేపర్లో లోపలి పేజీలో ఒక మూల పడి ఉండేది, వీడియో కాబట్టి లక్నో దాకా, ఢిల్లీ దాకా పోయింది.

ప్రెస్ కౌన్సిల్ సొంతంగా కేసు పట్టించుకుంది, జర్నలిస్టులు గొడవ చేశారు, డిసెంబర్‌కల్లా పోలీసులే అతని తప్పేం లేదని తేల్చారు. 2022 మేలో పవన్ జైస్వాల్ క్యాన్సర్‌తో చనిపోయాడు, వైద్యానికి డబ్బుల్లేక సోషల్ మీడియాలోనే సాయం అడగాల్సి వచ్చింది. మీర్జాపూర్ వీడియో చూసి కోప్పడిన లక్షల మందిలో తీసిన మనిషి పేరు ఎంతమందికి తెలుసు అన్నది ఆలోచించాల్సిన విషయం. టీచర్లని ఆటపట్టించే మైకు బాబులకి పెద్దగా కేసులుండవు, ఎందుకంటే వాళ్ళు తీసేది ఏ అండా లేని మనిషిని. ప్లేట్లో కూర ఎందుకు లేదు అని అడిగినవాడికి మాత్రం కేసు.

ఇక ముజఫర్‌నగర్. 2023 ఆగస్టులో బయటికొచ్చిన వీడియో గురించి రాయాలంటే కూడా కష్టంగానే ఉంటుంది. ఖుబ్బాపూర్ అనే ఊళ్ళో చిన్న ప్రైవేట్ బడి, టీచర్ కుర్చీలో కూర్చుని ఉన్నారు, ఏడేళ్ళ ముస్లిం పిల్లాడు పక్కన నిలబడి ఏడుస్తున్నాడు, ఎక్కం అప్పజెప్పలేదని తోటి పిల్లల్ని పిలిచి వాడి చెంప మీద, నడుం మీద కొట్టిస్తున్నారు, గట్టిగా కొట్టలేదని మళ్ళీ అడుగుతున్నారు, మతం గురించి మాటలు కూడా పడ్డాయి, వెనక ఒక మగమనిషి నవ్వు వినిపిస్తుంది. తీసింది పిల్లాడి బంధువే. ఆ వీడియో లేకపోతే ఈ సంగతి ఆ గది దాటేది కాదు, కాబట్టి తీయడం తప్పు కాదు, తీసి మంచిపని చేశాడు. తప్పు జరిగింది తర్వాత. పిల్లాడి మొహం బ్లర్ చేయకుండానే వీడియో దేశమంతా తిరిగింది, అయ్యో పాపం అంటూ షేర్ చేసినవాళ్ళు కూడా వాడి ఏడుపు మొహాన్నే పంచారు. బాలల హక్కుల కమిషన్ షేర్ చేయొద్దని చెప్పింది, జువెనైల్ జస్టిస్ చట్టం సెక్షన్ 74 కింద ఫ్యాక్ట్ చెకర్ మహమ్మద్ జుబేర్ మీద కేసు పెట్టారు. సెక్షన్ 74 మంచి సెక్షనే, బాధిత పిల్లల వివరాలు బయటపెడితే ఆరు నెలల దాకా జైలో, రెండు లక్షల దాకా జరిమానానో, రెండూనో పడొచ్చు. కానీ అదే వీడియోని బ్లర్ లేకుండా తిప్పిన వేల అకౌంట్లుండగా ఒక జర్నలిస్టు దగ్గరే చట్టం ఆగిపోతే, పిల్లాడి కోసమే పెట్టారని నమ్మడం కష్టం.

ఈ కేసులో ఎక్కువమంది పట్టించుకోని భాగం కోర్టులో ఉంది. గాంధీజీ మునిమనవడు తుషార్ గాంధీ వేసిన పిటిషన్ మీద సుప్రీంకోర్టు 2023 సెప్టెంబర్లో యూపీ ప్రభుత్వాన్ని గట్టిగా నిలదీసింది, ఇది రాష్ట్రం అంతరాత్మని కదిలించాల్సిన విషయం అంది. అంతటితో ఆగకుండా పిల్లాడికి కౌన్సెలింగ్ ఇప్పించమంది, వాణ్ని కొట్టిన పిల్లలకి కూడా ఇప్పించమంది. సర్కారు ఆలస్యం చేస్తుంటే మళ్ళీ మళ్ళీ అడిగింది, ఆ తర్వాత పిల్లాడి బడి చదువు పూర్తయ్యేదాకా ఖర్చు రాష్ట్రమే పెట్టుకోవాలని కూడా చెప్పింది. కొట్టిన పిల్లలకి కౌన్సెలింగ్ అనే మాట కామెంట్లలో ఎక్కడా కనపడలేదు. అక్కడ కొందరు టీచర్ని ఉరితీయమన్నారు, కొందరు టీచర్ది ఏం తప్పులేదు అన్నారు. టీచర్ రమ్మంటే లేచొచ్చి, తోటివాణ్ని కొట్టి, మళ్ళీ వెళ్ళి కూర్చున్న ఆ ఆరేడేళ్ళ పిల్లలు కూడా ఆ వీడియోలో ఉన్నారు, వాళ్ళ మొహాలూ తిరిగాయి. 2009 విద్యాహక్కు చట్టం సెక్షన్ 17 పిల్లల్ని కొట్టడాన్నీ, మానసికంగా వేధించడాన్నీ రెండిటినీ నిషేధించింది. ఆ గదిలో రెండో రకం వేధింపు కొట్టిన పిల్లల మీద కూడా జరిగింది.

కోచింగ్ సార్ల సంగతి కాస్త వేరు. ఇక్కడ ఫోనూ వాళ్ళదే, మొహమూ వాళ్ళదే, చూసేవాళ్ళు కూడా పెద్దవాళ్ళే. పట్నా ఖాన్ సార్ యాసే ఆయన బలం, రైల్వే గ్రూప్ డి కి ప్రిపేర్ అయ్యే కుర్రాడికి తన ఊరి అన్న కూర్చోబెట్టి చెప్తున్నట్టు ఉంటుంది, రాఖీ పండక్కి వేలమంది అమ్మాయిలు ఆయన చేతికి రాఖీ కట్టే వీడియోలు ఏటా వైరలే. ప్రయాగ్‌రాజ్‌లో యూట్యూబ్ ఛానల్‌తో మొదలైన అలఖ్ పాండే ఫిజిక్స్ వాలా 2022 జూన్‌కి యూనికార్న్, అంటే వంద కోట్ల డాలర్ల విలువ దాటిన కంపెనీ అయింది, 2025 నవంబర్లో స్టాక్ మార్కెట్‌లోకి కూడా వచ్చింది. లక్షల ఫీజు కట్టలేని ఇళ్ళకి ఈ వీడియోలు చేసిన మేలు చిన్నది కాదు, కోచింగ్ వ్యాపారం మీద ఎంత కోపం ఉన్నా అది ఒప్పుకోవాలి.

కానీ ఫేమ్ వచ్చాక క్లిప్ సార్ చేతిలో కూడా ఉండదు. 2022 జనవరిలో రైల్వే ఎన్‌టీపీసీ ఉద్యోగాల పరీక్ష గొడవల్లో గయలో రైలు పెట్టెలు తగలబడ్డాయి, ఖాన్ సార్‌తో పాటు ఇంకొందరు టీచర్ల మీద పట్నాలో ఎఫ్ఐఆర్ పడింది. అదే ఏడాది నవంబర్లో దృష్టి ఐఏఎస్ అనే సివిల్స్ కోచింగ్ సంస్థ నడిపే వికాస్ దివ్యకీర్తి పాఠంలోంచి సీతారాముల ప్రస్తావన ఉన్న చిన్న ముక్క కత్తిరించి వదిలితే సంస్థని బ్యాన్ చేయమని ట్రెండ్ నడిచింది. గంటలకొద్దీ సాగే పాఠంలో ఆయన ఒక గ్రంథంలోని మాటని ఉదహరిస్తున్నారు, క్లిప్‌లో మాత్రం అది ఆయన సొంత మాటలా వినపడింది. 2023 ఆగస్టులో అన్‌అకాడమీ అనే ఆన్‌లైన్ కోచింగ్ కంపెనీ టీచర్ ఒకాయన చదువుకున్నవాళ్ళకి ఓటేయండి అన్నందుకు ఉద్యోగం పోయింది. అదే ఏడాది అక్టోబర్లో ఫిజిక్స్ వాలా లైవ్ క్లాసులో ఒక స్టూడెంట్ వచ్చి టీచర్ని చెప్పుతో కొట్టిన వీడియో తిరిగింది. వైరల్ అయిన సార్ నేరుగా నాయకుడైపోతాడా అంటే అదీ కాదు, సివిల్స్ కోచింగ్ సార్ అవధ్ ఓఝా 2025 ఢిల్లీ ఎన్నికల్లో పట్‌పర్‌గంజ్ నుంచి ఆప్ తరఫున నిలబడి ఓడిపోయారు. రీల్ చూసే చెయ్యి వేరు, ఓటేసే చెయ్యి వేరు.

అన్నిటికన్నా తేలిగ్గా తీసుకునేది, నిజానికి ఎక్కువ జాగ్రత్తగా ఉండాల్సింది ముద్దొచ్చే వీడియోల విషయంలో. ఛత్తీస్‌గఢ్ సుక్మా జిల్లాలో, అంటే మన చింతూరు పక్కనే, 2019లో ఒక టీచర్ క్లాసులో పిల్లాడి చేత పాట పాడించి ఫోన్‌లో తీశారు, 2021లో అది దేశమంతా మోగిపోయింది, ముఖ్యమంత్రి పిలిచి సన్మానం చేశారు, పెద్ద సింగర్ దాన్ని రీమిక్స్ చేశాడు. 2022 మేలో నితీశ్ కుమార్ సొంతూరు కల్యాణ్ బిఘాలో ఆరో క్లాసు పిల్లాడు ధైర్యంగా ముఖ్యమంత్రి ముందుకెళ్ళి మా బడిలో చదువు సరిగా లేదు, నాకు చదువు చెప్పించండి అని అడిగాడు. అది నిజంగా గొప్ప క్షణం. మర్నాటి నుంచి వాడి ఇంటి ముందు మైకుల వరస, ఒక్కో యూట్యూబర్ వచ్చి అదే ప్రశ్న అడగడం, వాడు పెద్దవాడిలా జవాబులివ్వడం, ఆ జవాబుల్ని మళ్ళీ కత్తిరించి పొగరు ఎక్కువైంది అని కామెంట్లు. బడి బాగోలేదని పిల్లాడు చెప్పిన విషయం పక్కకి పోయింది, వాడికి ఎవరు సీటిస్తారు, ఏ హీరో సాయం చేస్తాడు అనే కథే మిగిలింది. ఒక్క పిల్లాడికి రాజస్థాన్‌లోని కోటా ఊరి కోచింగ్‌లో సీటు దొరికితే ఆ బడిలో మిగిలిన పిల్లల సంగతేంటి అని అడిగిన మైకు కనపడలేదు.

ట్రాన్స్‌ఫర్ వీడియోలు మాత్రం చాలావరకు నిజమైన ప్రేమవే. 2022 జులైలో యూపీ చందౌలీలో సార్ వెళ్ళిపోతుంటే పిల్లలు పట్టుకుని ఏడ్చిన వీడియో అలాంటిదే. మన దగ్గర 2024లో మంచిర్యాల జిల్లా జన్నారం మండలం పొనకల్ బడి నుంచి సార్ ట్రాన్స్‌ఫర్ అయితే 133 మంది పిల్లలు ఆయన వెళ్ళిన అక్కపెల్లిగూడ బడిలోనే చేరిపోయారు, హిందీ ఛానళ్ళు కూడా ఆ వార్తని బాగా తిప్పాయి. అందులో ఏడుపు కన్నా పెద్ద వార్త అమ్మానాన్నలు అడ్మిషన్లు మార్చడం, సర్కారు బడిలో మంచి టీచర్ ఉంటే జనం వెతుక్కుంటూ వెళ్తారని అది తేల్చి చెప్పింది.

అలాగని క్లాసులో డాన్సు చేసే ప్రతి టీచర్ వీడియో పిల్లల కోసమే అనుకోవడానికి లేదు. పేజీ పేరు మేడం గారిది, ఫాలోవర్లు మేడం గారికి, పిల్లలు బ్యాక్‌గ్రౌండ్‌లో చప్పట్లు కొట్టేవాళ్ళు. కొట్టట్లేదు కదా, తిట్టట్లేదు కదా, తప్పేంటి అంటారు. 2019 ఫిబ్రవరిలో యూట్యూబ్ చిన్నపిల్లలు కనిపించే చాలా వీడియోలకి కామెంట్లు ఎందుకు మూసేసిందో తెలిస్తే ఆ మాట అనరు, మామూలు ఆటపాటల వీడియోల కిందే వెకిలి మనుషులు చేరి నీచమైన కామెంట్లు పెడుతున్నారని బయటపడటం వల్ల. యూనిఫాం మీద బడి పేరుంటుంది, గోడమీద ఊరి పేరుంటుంది, పిల్ల పేరు టీచరే పిలుస్తారు, ఇంక దాచడానికేం మిగిలింది?

వీటి మధ్యలో పూర్తిగా వేషాలు కట్టిన వీడియోలు కూడా కలిసిపోయి ఉంటాయి. యూనిఫాం వేసుకున్న పెద్దవాళ్ళే స్టూడెంట్లు, ఒక మూల చిన్న అక్షరాల్లో వినోదం కోసమే అని రాసి ఉంటుంది, ఎవరో ఆ అక్షరాలు ఉన్న ముక్క కట్ చేసి ఫలానా మతం టీచర్ చేసిన ఘోరం చూడండి అని వాట్సాప్‌లో వదులుతారు, అక్కణ్ణుంచి తెలుగు వాయిస్ ఓవర్ తగిలించుకుని మన గ్రూపుల్లోకి దిగుతుంది. నటుల మొహాలు వేరే వీడియోల్లో కూడా కనిపిస్తాయి, కెమెరా రెండు మూడు యాంగిల్స్‌లో మారుతుంది, మాటలు మరీ స్పష్టంగా వినిపిస్తాయి, నిజంగా దొంగచాటుగా తీసిన వీడియోలో ఇవేవీ ఉండవు. ఇంకోరకం, టీచర్ స్టూడెంట్ ఫుల్ వీడియో లింక్ అని ఊరించే పోస్టులు. చాలావాటిలో వీడియోనే ఉండదు, టెలిగ్రామ్ గ్రూపుకో దొంగ యాప్‌కో లాగడానికి పెట్టిన ఎర. ఒకవేళ మైనర్లది అలాంటి వీడియో నిజంగా ఉంటే దాన్ని ఫోన్‌లో ఉంచుకోవడం కూడా పోక్సో కింద నేరం కావొచ్చని 2024 సెప్టెంబర్ 23న సుప్రీంకోర్టు తేల్చేసింది, నేను షేర్ చేయలేదుగా, డౌన్‌లోడ్ చేసుకున్నానంతే అన్న వాదనకి చోటు లేదు.

కాబట్టి బడిలో కెమెరాలన్నీ తీసేయాలి అనే పరిష్కారం కూడా ప్రమాదమే, అలా రూల్ పెడితే మొదట ఆగిపోయేది మీర్జాపూర్ లాంటి వీడియోలే, మేడం గారి రీల్స్ ఏదో వంకతో నడుస్తూనే ఉంటాయి. తల్లిదండ్రులు, ఊరివాళ్ళు, విలేకరులు పళ్ళెంలో ఏముందో, గోడ ఎందుకు కూలిందో, టీచర్ ఎందుకు రాలేదో తీయగలగాలి, పిల్లల మొహాలు బ్లర్ చేసి బయటపెట్టాలి, ఫోన్‌లో ఉచితంగా దొరికే యాప్‌తో రెండు నిమిషాల పని అది. ఒరిజినల్ ఫైల్ చెరిపేయకుండా దాచుకుంటే విచారణలో అదే సాక్ష్యం. పిల్లల మీద హింస కనపడితే గ్రూపులో వేసేముందు 1098 చైల్డ్‌లైన్‌కి ఫోన్ చేయొచ్చు, తెలుగులో కూడా మాట్లాడతారు. ఇక టీచర్ల సొంత పేజీల్లో పిల్లల్ని చూపించే విషయానికొస్తే స్కూల్ పేరెంట్స్ మీటింగ్‌లోనే సూటిగా అడిగేయాలి, మా పిల్ల వీడియో ఏ పేజీలో పడుతోంది, ఎవరిని అడిగి వేశారు అని. బడి మొదలైన రోజు సంతకం పెట్టించుకున్న ఏదో ఒక ఫారం చూపించి సరిపెడితే ఒప్పుకోకుండా, ఇష్టం లేదని కాగితం మీద రాసిచ్చి, ఉన్న వీడియో తీసేయమని అడిగే హక్కు తల్లిదండ్రులకి ఉంది.